తాడుకి తెలిసిన స్వరం

తాతబ్బాయి గొంతు ఈ దీవిలో వినబడేది ఇంక ఇరవై గంటలే.

గోడ గడియారంలో మూడున్నర. రేపు పదకొండున్నరకి చెన్నై విమానం. ఎల్లుండి పొద్దున్న ఆపరేషన్. గొంతులో పుట్టిన గడ్డతో పాటు స్వరపేటిక మొత్తం తీసేయక తప్పదని డాక్టరు ముందే చెప్పేశాడు. ఆ తర్వాత కూడా ఆయన తింటాడు, తిరుగుతాడు, నవ్వుతాడు. మాట మాత్రం ఉండదు.

ఈలోగా ఒక్క పాట రికార్డు చెయ్యాలి. స్వాతికి ఉన్న పని అదొక్కటే.

స్వాతి ఆయన మనవరాలు. ఇరవై ఎనిమిదేళ్ళు. డెలానీపూర్‌లో ఒక ప్రభుత్వ కార్యాలయంలో శబ్దాలు రికార్డు చేసే ఉద్యోగం. మీటింగులు, ప్రకటనలు, ఢిల్లీ నుంచి ఎవరైనా వస్తే ఉపన్యాసాలు. పోర్టుబ్లెయిర్‌లో ఉన్న ప్రతి పెద్దమనిషి గొంతూ ఆమె కంప్యూటర్లో ఉంది. తనని పెంచిన తాత గొంతు లేదు. డాక్టరు కాగితం చేతిలో పెట్టిన రోజున గాని ఆ సంగతి ఆమెకి తట్టలేదు.

గోల్ ఘర్‌లో చెప్పుల దుకాణం మేడ మీద వాళ్ళ ఇల్లు. ముందుగదిలో కుర్చీలో తాతబ్బాయి. ఎదురుగా చాప మీద కాళ్ళు ముడుచుకుని, చెవులకి హెడ్‌ఫోన్లు పెట్టుకుని ఒక విదేశీ మనిషి. గుమ్మంలో చేపల బుట్ట పక్కన పెట్టుకుని యర్రమ్మ. మేనకోడలి వరస, వయసులో ఆయన కంటే పదేళ్ళే చిన్న. ఆమెకి తెలియకుండా ఈ ఇంట్లో పాలు కూడా పొంగవు.

హెడ్‌ఫోన్లు తీసి విదేశీ మనిషి తల అడ్డంగా ఊపింది.

"పాట ఉంది. స్వరం లేదు" అంది స్వాతితో ఇంగ్లీషులో.

స్వాతి ఆ మాట తాతకి తెలుగులో చెప్పింది.

"నాను ముందే సెప్పినాను కాదేటి!" అన్నాడు తాతబ్బాయి. గరగరమంటున్న గొంతు. "కుర్చీలో కూకుని వల పాట పాడమంటే, మంచమ్మీద పడుకుని ఈత కొట్టమన్నట్టే."

"నానూ విన్నాను కదా మావా" అంది యర్రమ్మ. "బళ్ళో గుంటడు ఎక్కాలు ఒప్పగించినట్టు ఒప్పగించీసినావు."

"నువ్వు పాడి సూపించు మరి."

"నాను పాడితే ఆ దొరసానమ్మ ఈపాటికి విమానం ఎక్కీసును."

దొరసానమ్మ పేరు తోంక. అరవై దాటింది. పుట్టింది క్రొయేషియాలో. మాటలో బరువు ఏ అక్షరం మీద పడుతుంది, వేల ఏళ్ళలో ఆ బరువు ఎక్కడి నుంచి ఎక్కడికి జరిగింది, ఇది వెతకడమే ఆమె వృత్తి. రెండేళ్ళ కిందట స్వాతి సరదాగా ఫోనులో తీసి ఇంటర్నెట్లో పెట్టిన వీడియో ఆమెని ఇంత దూరం లాక్కొచ్చింది. నలభై సెకన్ల వీడియో. ఒడ్డున నిలబడి వల లాగుతున్న తాత, గాలి హోరు, ఆ హోరులో మునిగి తేలుతున్న రెండు చరణాలు.

ఆ పాట తెలుగు కాదు. హిందీ కాదు. ఈ దీవుల్లో ఎవరి భాషా కాదు.

తాతబ్బాయికి పదహారేళ్ళప్పుడు ఒక సరుకు ఓడ దక్షిణపు ఒడ్డున పగడపు రాళ్ళెక్కి కూర్చుంది. నావికులంతా ఇళ్ళకి వెళ్ళిపోయారు. ఓడని వదిలెయ్యడానికి వీల్లేక కంపెనీ ఒక ముసలి నావికుణ్ణి కాపలా పెట్టింది. పది నెలలు ఒక్కడే. తనని 'బార్బ' అని పిలవమనేవాడు. తాతబ్బాయి తల్లి అసిరమ్మ రోజూ గిన్నెలో అన్నం, చేపల పులుసు పంపేది. తిన్న అన్నానికి పని చెయ్యాలని అతని పట్టుదల. సాయంత్రాలు ఒడ్డుకి వచ్చి అలివి వల తాడు పట్టేవాడు. పడవ మీద వలని అర్ధచంద్రంగా నీళ్ళలో దించి, రెండు కొసల తాళ్ళనీ ఒడ్డు నుంచి రెండు జట్లు లాగే పెద్ద వల అది. బార్బ తాడు పట్టి తన ఊరి పాట ఎత్తుకునేవాడు. విచిత్రంగా, ఆ పాటకి వల సులువుగా వచ్చేది. ఓడని విడదీసి తీసుకెళ్ళాక బార్బ కూడా పోయాడు. పాట మిగిలింది. ఒక్క ముక్క అర్థం తెలియకుండా యాభై ఏళ్ళకి పైగా తాతబ్బాయి జట్టు దాంతోనే వల లాగింది.

రెండేళ్ళ కిందట ఆయన గొంతు పాడైంది. వల చుట్ట చుట్టేశారు.

"స్వరం లేదంటే ఏమిటి మేడం?" స్వాతి అడిగింది. "మాటలన్నీ ఉన్నాయి కదా. నేనే దగ్గరుండి రికార్డు చేశాను."

తోంక లాప్‌టాప్ ఇటు తిప్పింది. తెర మీద రెండు గీతలు. పైది వీడియోలోని పాట. కిందది ఇప్పుడు కుర్చీలో పాడింది. కింది గీత కొలను నీళ్ళలా పడుంది. పైది మాత్రం గాలి హోరు మధ్య నుంచే ఒక్కసారి లేచి, పడి, మళ్ళీ లేచింది.

శబ్దాలతో బతికే మనిషికి చెవి కంటే గీత మీద నమ్మకం ఎక్కువ. స్వాతి ముందుకి వంగింది.

"మీ తెలుగులో ఈ గొడవ లేదు" అంది తోంక. "మీరు మాటని ఎక్కడ నొక్కి పలికినా అర్థం చెడదు. మా భాషల్లో అలా కాదు. రష్యాలో నీళ్ళని 'వదా' అంటారు. బరువు చివర. నీళ్ళని తెమ్మన్నప్పుడు అదే మాట 'వోదు' అవుతుంది. బరువు ఒక్క గెంతులో మొదటికి వచ్చేస్తుంది. చెక్ వాళ్ళు అన్ని మాటలనీ మొదటే నొక్కుతారు. పోలండు వాళ్ళు చివరి నుంచి రెండో అక్షరం మీద. మా నగరాల్లో ఐదారు వందల ఏళ్ళ కిందట బరువు ఒక మెట్టు మొదటి వైపుకి జరిగిపోయింది. వీళ్ళందరి ముత్తాతలూ ఒకప్పుడు ఒకే భాష మాట్లాడారు. మరి ఆ ముత్తాతలు ఎక్కడ నొక్కేవాళ్ళు? రెండు వందల ఏళ్ళుగా మా పండితులు కొట్టుకుంటున్నది దీని గురించే."

"టేపు లేదు. చూసినవాడు లేడు. ఎలా తెలుస్తుంది?"

"సాక్షులున్నారు."

తోంక ఒక మీట నొక్కింది. ముసలమ్మ గొంతు. ఒకే మాట. దుక్తే.

"లిథువేనియాలో ఒక పల్లెటూరి అవ్వ. రష్యా నుంచి మా దాకా ఉన్న స్లావ్ భాషలకి దగ్గరి చుట్టం వాళ్ళ భాష. దుక్తే అంటే కూతురు. బరువు ఎక్కడుంది?"

"చివర" అంది స్వాతి. గీత చెబుతూనే ఉంది.

తోంక ఒక పాత కాగితం ఫోటో తెర మీద తెరిచింది. నాగరి అక్షరాలు. అక్షరాల పైనా కిందా సన్నటి ఎర్ర గీతలు.

"ఇది వేదం. దుహితా. ఇదీ కూతురే. ఈ ఎర్ర గీతల లెక్క ప్రకారం బరువు ఎక్కడుందో తెలుసా?"

స్వాతి తెరకి ఇంకా దగ్గరగా జరిగింది. ఆమె చేతుల మీద రోమాలు నిక్కబొడుచుకున్నాయి.

"చివర" అంది తోంక మెల్లగా. "ఆ అవ్వ ముత్తాతలూ ఈ పాఠం చెప్పినవాళ్ళ ముత్తాతలూ విడిపోయి నాలుగైదు వేల ఏళ్ళు. మధ్యలో ఎన్ని పర్వతాలు, ఎన్ని ఎడారులు! ఒకరున్నారని ఒకరికి తెలియదు. కూతుర్ని పిలిచేటప్పుడు గొంతు ఎక్కడ లేవాలో ఇద్దరికీ తెలుసు."

కింద వీధిలో ఆటో హారను మోగింది. అప్పుడు స్వాతి, తోంక చెప్పినదంతా తాతకీ యర్రమ్మకీ తెలుగులో చెప్పింది. యర్రమ్మ బుట్ట మీద ఈగల్ని తోలడం మానేసింది.

"ఐదు వేల ఏళ్ళా?" అంది. "మా ఆయన నిన్న సెప్పిన మాట ఇయ్యాల ఉండదే!"

తోంక కథ ఇంకా ఉంది. బార్బ మాటలు ఆమె అమ్మమ్మ పుట్టిన దీవివి. ఏడ్రియాటిక్ సముద్రంలో ఆవగింజంత దీవి. నగరాల్లో జరిగిపోయిన బరువు ఆ దీవుల్లో పాతచోటే ఉండిపోయింది. రష్యా వాడి నీళ్ళలాగే అక్కడి మాటల్లోనూ గొంతు చివరి నుంచి మొదటికి గెంతేది. ఆ యాస తెలిసిన చివరి మనిషి యాభై ఏళ్ళ కిందట పోయాడు. ఎవరూ సరిగ్గా రికార్డు చెయ్యలేదు. ప్రపంచం మొత్తంలో ఆ స్వరం మిగిలిన చోటు ఒక్కటే. ఆ చోటు ఇప్పుడు గోల్ ఘర్‌లో కుర్చీలో కూర్చుని దగ్గుతోంది.

"మరి వేదం వాళ్ళు ఎలా దాచుకున్నారంట?" తాతబ్బాయి అడిగాడు.

"తలతో, చేత్తో" స్వాతి అనువదించింది. "పిల్లాడి తల పట్టుకుని, ఇక్కడ వంచు, ఇక్కడ ఎత్తు అని నేర్పేవారట. అర్థం ఆ తర్వాతే."

తాతబ్బాయి నవ్వాడు. నవ్వు దగ్గయింది. దగ్గు తగ్గాక అరచేతులు రెండూ ముందుకి చాపాడు. తాళ్ళు కోసి కోసి గీతలన్నీ చెరిగిపోయిన చేతులు.

"మా బార్బా అంతే. నాను నోరు తెరిస్తే ఒక్కటి మొట్టీవోడు. ముందు తాడు పట్టమనీవోడు. నా సేతుల మీద ఆడి సేతులు ఏసి లాగీవోడు. తాడు బిగిసినప్పుడు గొంతు లెగాల. సడలితే దిగాల. మూడు నెలలు అలగ లాగినాకే నోరు తెరవనిచ్చినాడు. తాడు లేకుండా ఆ పాట నోట రానీకూడదని ఒట్టేయించుకున్నాడు. మీ గోల భరించలేక ఇయ్యాల తప్పినాను."

స్వాతి తెర వైపు చూసింది. పై గీత. కింది గీత. వీడియోలో తాత చేతుల్లో తాడుంది. కుర్చీలో లేదు.

తప్పు ఎక్కడుందో అప్పుడు తెలిసింది. మంచి మైకు, మూసిన కిటికీలు, నిశ్శబ్దం. ఇన్నేళ్ళ ఉద్యోగంలో నేర్చుకున్నదంతా ఉపయోగించి, ఆ స్వరాన్ని తన చేత్తోనే ఊపిరాడకుండా చేసింది.

"తాతా, రేపు పొద్దున్నే వల వేద్దాం."

యర్రమ్మ నోరు వెళ్ళబెట్టింది. "వలా? రెండేళ్ళుగా మా పెరట్లో పడుంది. నా పిల్లి రెండు మార్లు ఈనింది అందులో!"

"చిరిగిందా?"

"సిరగలేదు. కంపు కొడతాది, అంతే."

స్వాతి డాక్టరుకి ఫోన్ చేసింది. మాట్లాడవచ్చు, అరవకూడదు, రక్తం కనిపిస్తే వెంటనే ఆపాలి అన్నాడాయన. ఫోన్ పెట్టేసింది. తాత ఆమె ముఖం చూసి అర్థం చేసుకున్నాడు.

"ఎల్లుండి ఎలాగా కోసీడమే కదే గుంటా. ఇంకా ఎవడి కోసం దాస్తావు దాన్ని?"

వలకి కనీసం ఇరవై మంది కావాలి. పాత జట్టులో ఇప్పుడు ఒకడు ఆటో, ఒకడు జెట్టీలో టికెట్లు, ఒకడు సెలూను. వాళ్ళ పిల్లలకి తెలుగు మాట్లాడ్డమే గాని చదవడం రాదు. అందుకని స్వాతి రాయలేదు. ఫోను తాత నోటి దగ్గర పెట్టింది. ఆయన చెప్పింది రెండే ముక్కలు.

"రేపు అయిదింటికి వల. నా ఆఖరు లాగుడు."

ఆ రెండు ముక్కలూ సాయంత్రానికి దీవి సగం తిరిగాయి.

*

తెల్లవారుతుండగా లక్ష్ముడు ఆటో తెచ్చాడు. వెనక టెంపోలో వల. లక్ష్ముడు పాత జట్టులో చిన్నవాడు, నలభై ఏళ్ళు. సిప్పీఘాట్ దగ్గర రోడ్డు పక్కన నీళ్ళు నిలిచిన పొలాలు వెలుతురు పట్టుకుంటున్నాయి. సునామీ నాడు సముద్రం వచ్చి కూర్చున్న పొలాలు. మళ్ళీ వెళ్ళలేదు.

"సరంగు మావా, వల కంపుకి నా బండి ఒక వారం సవారీ ఎక్కదు" అన్నాడు లక్ష్ముడు. వల జట్టు పెద్దని వాళ్ళు సరంగు అంటారు.

తాతబ్బాయి నోరు మెదపలేదు. నిన్న రాత్రి నుంచి ఒక్క మాట ఆడలేదు. ఉన్న గొంతంతా మూటగట్టి దాచుకున్నాడు.

ఒడ్డుకి చేరేసరికి స్వాతి లెక్కపెట్టడం మొదలుపెట్టి అరవై దగ్గర మానేసింది. యూనిఫారంలో ఉన్న జెట్టీ ఉద్యోగి, చంకలో బిడ్డతో ఒకామె, కొంగు బిగించి యర్రమ్మ. మొసళ్ళున్నాయి జాగ్రత్త అని హిందీలో రాసిన బోర్డు కింద అందరూ చెప్పులు విడిచారు.

"మొసలొస్తే?" అని తోంక కంగారుగా అడిగింది.

"ఆ వలకంపుకి రాదు దీదీ, ఫికర్ మత్ కరో" అన్నాడు లక్ష్ముడు, భయపడొద్దని చెయ్యి ఊపుతూ.

ఆరు గంటలకి పోటు తిరిగింది. గవరయ్య అనే పెద్దాయన పడవ నడిపి వలని నీళ్ళలో దించాడు. కుడి తాడు ఇక్కడ. ఎడమ తాడు నూట యాభై గజాల అవతల. రెండు జట్లూ ఒకరి ముఖం ఒకరికి కనపడనంత దూరం. రెండు తాళ్ళూ ఒకే లెక్కన రావాలి. ఒకవైపు ముందు వస్తే వల ఒరుగుతుంది. ఒరిగితే ఎడమవైపు నీళ్ళ కింద ఉన్న పగడపు రాళ్ళు దాన్ని చీల్చి పారేస్తాయి. రెండు జట్లకీ మధ్య ఉన్న కట్టు ఒక్కటే. ముందువాడి గొంతు.

తాతబ్బాయి మోకాలి లోతు నీళ్ళలో కుడి తాడు ముందు నిలబడ్డాడు. చిన్నప్పుడు నిలబడినట్టే ఆయన వెనక స్వాతి. ఆయన చొక్కాకి చిన్న మైకు. ఒడ్డున ఇంకో రెండు. తోంక హెడ్‌ఫోన్లు పెట్టుకుని ఇసకలో మోకాళ్ళ మీద కూర్చుంది.

తాడు బిగిసింది. సముద్రం అవతలి కొస పట్టుకుంది.

తాతబ్బాయి నోరు తెరిచాడు.

కుర్చీలో విన్న గొంతు కాదది. పెద్దది కాదు, నీళ్ళ మీద జారి అవతలి జట్టుకి అందేటంతే. కాని తాడు బిగువు ఎక్కేకొద్దీ గొంతు లేచింది, లేచి మాట చివర నిలబడింది. అల వెనక్కి తగ్గి తాడు సడలగానే, అదే మాట ఇంకో రూపంలో వచ్చి మొదట్లోనే ఎగిరి కిందికి జారింది. ముప్పై మంది ఒక్క మనిషిలా వెనక్కి అడుగేశారు. దూరాన ఎడమ జట్టు అదే క్షణంలో అడుగేసింది.

స్వాతి తోంక వైపు చూసింది. తోంక కళ్ళు మూసుకుని ఉంది. ఆమె కుడి చెయ్యి గాలిలో దానంతట అదే లేస్తోంది, దిగుతోంది.

ఒకటి. రెండు. మూడు. ఏడో లాగుడు దగ్గర గొంతు చిరిగింది.

మాట సగంలో గాలిగా మారింది. తాతబ్బాయి తాడు వదలలేదు. ఒక చెయ్యి గొంతు మీద పెట్టుకుని ఉమ్మాడు. నీళ్ళ మీద ఎర్రటి చార.

"ఆపండి!" స్వాతి అరిచింది.

"ఆపితే వల పోద్దే!" వెనక నుంచి యర్రమ్మ. "నీటి లాగుడు ఎడమకి పోతంది సూడు!"

నిజమే. పాట ఆగగానే రెండు జట్లూ విడిపోయాయి. ఎడమవాళ్ళు లాగుతున్నారు, వీళ్ళు నిలబడ్డారు. నీళ్ళ మీద తేలే బెండ్ల వరస వంకర తిరిగింది. రాళ్ళకీ వలకీ మధ్య ఇరవై గజాలు లేదు. తాత ఆఖరి వల.

తాతబ్బాయి వెనక్కి తిరిగాడు. మనవరాలి కళ్ళలోకి చూశాడు. పక్కకి జరిగి, తాడు ముందు చోటు ఖాళీ చేశాడు.

"నాకు రాదు తాతా" అంది స్వాతి. "ఒక్కసారి కూడా పాడలేదు. మాటలు కూడా సరిగ్గా..."

ఆయనకి చెప్పడానికి గొంతు లేదు. ఆమె చేతుల మీద తన చేతులు వేసి తాడు మీద నొక్కాడు.

బరువు వచ్చింది.

అరచేతుల్లోంచి మోచేతుల్లోకి, భుజాల్లోకి, పక్కటెముకల్లోకి. సముద్రం మొత్తం ఆ తాడు చివర కూర్చుని లాగినట్టుంది. పక్కటెముకలు బిగిశాయి. బిగిసినప్పుడు లోపలి గాలికి పైకి తప్ప దారి లేదు. గొంతు లేచింది. స్వాతి లేపలేదు, అదే లేచింది. చిన్నప్పటి నుంచి ఈ ఒడ్డున ఆడుకుంటూ, నిద్రపోతూ, విసుక్కుంటూ విన్న మాటలు ఒక్కొక్కటే వచ్చి ఆ లేచిన చోటు మీద కూర్చున్నాయి. తాడు సడలింది. గొంతు మొదట్లోనే ఎగిరి జారింది.

వెనక ముప్పై మంది అడుగేశారు. దూరాన ఎడమ జట్టు అడుగేసింది.

బెండ్ల వరస నిటారుగా అయింది.

ఆ తర్వాత ఎన్ని లాగుళ్ళో ఆమెకి లెక్కలేదు. ఒకచోట వెనక నుంచి యర్రమ్మ గొంతు కలిసింది. తర్వాత లక్ష్ముడిది. తర్వాత అందరివీ. తాడు పట్టినవాళ్ళలో అర్థం తెలిసినవాడు ఒక్కడు లేడు. ముప్పై గొంతులూ ఒకేచోట లేస్తున్నాయి, ఒకేచోట దిగుతున్నాయి. ఎక్కడో ఎముకలు కూడా మిగలని మనుషులు పలికిన తీరు. ఆ తీరు ఒక దీవిలో పుట్టి, ఒక ఓడెక్కి, ఒక గిన్నెడు చేపల పులుసు దగ్గర ఆగి, తాడు పట్టుకుని ఇక్కడిదాకా వచ్చింది. స్వాతికి భయమేసింది. గుడిలో గర్భాలయం తలుపు హఠాత్తుగా తెరుచుకున్నప్పుడు వేసే భయం లాంటిది.

వల ఒడ్డెక్కింది. చిరుగు లేదు.

*

ఎనిమిది గంటలు. ఒడ్డున చెట్టు నీడలో తోంక లాప్‌టాప్ తెరిచింది. ఆమె ముక్కు ఎర్రగా ఉంది.

"మాటలని బట్టి మొత్తం పందొమ్మిది చోట్ల గొంతు గెంతాలి" అంది. "మా అమ్మమ్మ దీవిలో గెంతిందని మేము కాగితం మీద లెక్కలు వేసుకున్నాం. లెక్కలే. చెవితో విన్నవాళ్ళం కాదు." తెర మీద గీత పొడుగునా వేలు జరిపింది. "ఏడు లాగుళ్ళలో మీ తాత ఎనిమిది గెంతాడు. మిగతా పదకొండూ నువ్వు. ఒక్కటి తప్పలేదు."

"నాకు ఒక్క మాటకి అర్థం తెలియదు మేడం."

"అందుకే తప్పలేదేమో. మా అమ్మకి ఆ మాటలన్నీ తెలుసు. నగరానికి కాపురానికి వెళ్ళాక పక్కింటివాళ్ళు నవ్వుతున్నారని ఏడాదిలో నొక్కే చోటు మార్చేసుకుంది."

తాతబ్బాయి చెట్టుకి ఆనుకుని కూర్చున్నాడు. రక్తం ఆగింది. లక్ష్ముడు ఎక్కడి నుంచో తెచ్చిన కొబ్బరినీళ్ళు గుటక గుటకగా మింగుతున్నాడు. తోంక ఆయన ముందు కూర్చుంది. ఏమిచ్చినా మీ రుణం తీరదని, కాని ఒకటి మాత్రం ఇవ్వగలనని స్వాతితో చెప్పించింది. పాటకి అర్థం. యాభై ఏళ్ళుగా ఏం పాడుతున్నారో చెబుతుంది.

తాతబ్బాయి కళ్ళు పెద్దవయ్యాయి. ఆయన ముఖంలో అంత ఆశ స్వాతి ఎప్పుడూ చూడలేదు. మరుక్షణమే చెయ్యెత్తి ఆపాడు. స్వాతిని దగ్గరికి రమ్మన్నాడు. గొంతు లేదు, గాలి ఉంది.

"నీకు వద్దు" అన్నాడు. "ఈళ్ళెవరికీ వద్దు. తెలిస్తే బాగుచేసీడం మొదలెడతారు."

కాసేపు ఊపిరి తీసుకున్నాడు.

"నాకు సెప్పమను. నాకు పరవాలేదు. నాను ఇంక పాడను కదా."

స్వాతి తాత మాట తోంకకి చెప్పింది. తోంక ఆ ముసలాయన ముఖంలోకి చూసి తల ఊపింది.

"నేను అనువదించకూడదు కదా" అంది స్వాతి. "ఎలా?"

"నాకు హిందీ కొంచెం వచ్చు. వేదం కోసం కాశీలో రెండేళ్ళు ఉన్నాను. కొంచెమే."

"తాతకీ కొంచెమే. సరిపోతుంది."

స్వాతి లేచి ఇరవై అడుగులు అవతలికి నడిచింది. యర్రమ్మ వల దగ్గర చేపలు ఏరుతూ చెట్టు వైపు మెడ సాచింది.

"ఏటే ఆ గుసగుసలు?"

"నాకు తెలీదు అత్తా. నీకూ వద్దు."

చెట్టు కింద తోంక ముందుకి వంగి ఆయన చెవి దగ్గర మాట్లాడుతోంది. చేతులతో ఏదో చూపిస్తోంది. మధ్యలో మాట దొరక్క ఆగుతోంది. తాతబ్బాయి కదలకుండా వింటున్నాడు. ఒకచోట తన అరచేతుల వైపు చూసుకున్నాడు. ఇంకోచోట భుజాలు కదిలేలా నవ్వాడు, చప్పుడు లేకుండా. చివరికి తల తిప్పి, ఒకప్పుడు ఓడ ఇరుక్కున్న దక్షిణపు రాళ్ళ వైపు చూశాడు. అలాగే చూస్తూ ఉండిపోయాడు. తోంక లేచి వచ్చేసినా ఆయన చూపు తిప్పలేదు.

తొమ్మిదింటికి ఆటో బయల్దేరింది. చెన్నైకి స్వాతి కూడా వెళుతోంది. రోడ్డు పొడుగునా తాత ముఖంలో ఏదో వెలుగు. ఆయనకి తెలిసిపోయింది. రేపటి తర్వాత చెప్పాలన్నా చెప్పలేడు. రాయడం ఎలాగూ రాదు. స్వాతి అడగలేదు.

సిప్పీఘాట్ నీళ్ళు మళ్ళీ కనిపించాయి. తాతబ్బాయి ఆమె భుజం తట్టాడు. వేళ్ళతో చంద్రుణ్ణి గీశాడు, నిండు గుండ్రం. వచ్చే పున్నమి పోటుకి వల. ఆమె గుండె మీద వేలు పెట్టాడు. తాడు ముందు నువ్వు.

"నాకు ఇప్పుడే మర్చిపోయినట్టుంది తాతా" అంది స్వాతి. నిజంగానే అంది. పాట ఎత్తుకుందామని నోరు తెరిచింది. మాటలు వచ్చాయి, చదునుగా, కుర్చీలో పాడిన పాటలా. కళ్ళలో నీళ్ళు తిరిగాయి.

తాతబ్బాయి ఆమె నెత్తి మీద ఒక్కటి మొట్టాడు. తర్వాత తన రెండు చేతులూ ఆమె చేతుల్లో పెట్టి, పాదాలు ఆటో గడప కమ్మీకి తన్ని, వెనక్కి వాలాడు. డెబ్భై మూడేళ్ళ బరువు మొత్తం ఆమె భుజాల్లోకి వచ్చింది.

గొంతు లేచింది.

"అరే, స్వాతీ!" అద్దంలో చూస్తూ లక్ష్ముడు బండి నెమ్మది చేశాడు. "ఇంకోసారి, ఇంకోసారి."